చిలకలో ప్రాణం: సాలార్‌జంగ్ మ్యూజియం డైరెక్టర్ గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన డైరెక్టర్ గారికి,



మాది లాల్ దర్వాజా. ఊరి నుంచి ఏ చుట్టం వచ్చినా ముందు చార్మినార్, తర్వాత మీ మ్యూజియం చూపించడం మా ఇంట్లో ఆనవాయితీ. నాన్న వేలు పట్టుకుని మొదటిసారి వచ్చినప్పటి నుంచి ఎన్నిసార్లు వచ్చానో లెక్క లేదు. ఎప్పుడొచ్చినా గంట కొట్టే వేళకు అక్కడి బొమ్మల గడియారం ముందుకు చేరాల్సిందే. గంటకు మూడు నిమిషాల ముందు గడ్డం మనిషి తలుపు తీసుకుని బయటికి వస్తాడు, గంట కొట్టి లోపలికి వెళ్ళిపోతాడు. కమ్మరి సెకనుకో సుత్తి దెబ్బ వేస్తూనే ఉంటాడు. వంద సంవత్సరాలు దాటిన వస్తువు ముందు పసిపిల్లలు ఊపిరి బిగబట్టి కూర్చోవడం నేను ఇంకెక్కడా చూడలేదు. ఆ గడియారాన్ని ఆపి అద్దాల వెనక పెట్టి ఉంటే అలా కూర్చునేవాళ్ళు కాదు. దాన్ని రోజూ నడిపిస్తున్న చేతుల మీద నమ్మకంతోనే ఈ ఉత్తరం రాస్తున్నాను.

మీ పిల్లల విభాగంలో బొమ్మ సైనికులున్నారు, బొమ్మ రైలు ఉంది. 1949లో కన్నుమూసేదాకా మూడవ సాలార్‌జంగ్ సేకరిస్తూ పోయిన వాటిలో పిల్లల ఆటవస్తువులకూ చోటు దొరికింది. అదే విభాగంలో 2009 నాటి ఆట ఒకటి చేరాలని, చేరడమే కాక నడుస్తూ ఉండాలని నా కోరిక. అది మన హైదరాబాద్‌లో తయారైన ఆట.

దాని పేరు ‘హనుమాన్: బాయ్ వారియర్’. ఇక్కడి ఔరోనా టెక్నాలజీస్ తయారుచేసింది, సోనీ విడుదల చేసింది. ప్లేస్టేషన్ 2 కోసం పూర్తిగా మన దేశంలో తయారైన మొదటి ఆటగా దానికి పేరు. అదే రోజుల్లో హైదరాబాద్‌కే చెందిన గేమ్‌శాస్త్ర ‘దేశీ అడ్డా’ తెచ్చింది. కబడ్డీ, గిల్లీదండా లాంటి మన వీధి ఆటలను టీవీ తెర మీదికి ఎక్కించింది. ప్రపంచంలో 16 కోట్లకు పైగా అమ్ముడైన కన్సోల్ మీద మన ఊరి వాళ్ళ చేతిపని ఆడింది. ఈ మాట చెబితే మా గల్లీలో ఈనాటి పిల్లలు నమ్మరు. చూపిద్దామంటే చూపించడానికి ఎక్కడా లేదు.

ఆ రోజుల్లో మా గల్లీ పిల్లలకు ప్లేస్టేషన్ అంటే షాలీబండలో ఒక సెల్లార్. నాలుగు టీవీలు, నాలుగు కన్సోళ్ళు, గోడ మీద గంటకింత అని పెయింటుతో రాసిన రేటు. జాయ్‌స్టిక్ అనే మాట మాకు తెలియదు, దాన్ని రిమోట్ అనేవాళ్ళం. మొగల్‌పురా పిల్లలు, అలియాబాద్ పిల్లలు, మేము ఒకే బల్ల మీద ఇరుక్కుని కూర్చునేవాళ్ళం. ఒకడు ఆడుతుంటే ముగ్గురు వెనక నుంచి దారి చెప్పేవాళ్ళు. డిస్కు తిరుగుతూ తిరుగుతూ ఆగిపోతే సెల్లార్ నడిపే భాయ్ వచ్చి మూత తెరిచి, దూదితో తుడిచి, ‘లెన్స్ గయా’ అని పెదవి విరిచేవాడు. ఫోన్లలో ఆటలొచ్చాక సెల్లార్ మూతపడింది. కన్సోళ్ళు ఏమయ్యాయో తెలియదు. జుమేరాత్ బజార్‌లో పాత మిక్సీల మధ్య అప్పుడప్పుడూ ఒకటి కనిపిస్తుంది, తూకానికి అమ్మే సరుకులాగా.

2009లో నేను మా ఇంటి కన్సోల్ కోసం హనుమాన్ డిస్కు కొన్నాను. దేవుణ్ణి రిమోట్‌తో ఆడించడమేమిటని ఆ ఏడు కొన్ని హిందూ సంఘాలు అభ్యంతరం చెప్పాయి, ఆటను వెనక్కి తీసుకోవాలన్నాయి. వాళ్ళ బాధ నాకు అర్థమవుతుంది. మా ఇంట్లో మాత్రం జరిగింది వేరు. తెర మీద బాల హనుమంతుడు కనబడగానే అమ్మ రెండు చేతులూ జోడించింది. తర్వాత పక్కనే కూర్చుని, ఎక్కడ దూకాలో నాకు చెప్పడం మొదలుపెట్టింది. ఆట గొప్పదా, కాదా అన్నది నా వాదన కాదు. ఆ కాలం పెద్ద ఆటల ముందు అది సాదాసీదాగానే ఉంటుంది. కానీ మొదటి అడుగు అందంగా ఉందా అని ఎవరైనా చూస్తారా? ఎవరు వేశారు, ఎక్కడ వేశారు అన్నదే కదా చూస్తాం.

కిందటి ఏడాది మా మేనల్లుడు ఆ డిస్కు చూసి, ‘మామా, దీన్ని ల్యాప్‌టాప్‌లో ఆడొచ్చు’ అన్నాడు. కంప్యూటరే ప్లేస్టేషన్‌లా నటించే ఎమ్యులేటర్ ఒకటుంది, పీసీఎస్‌ఎక్స్2 అని. దాన్ని ఎక్కించాడు. డిస్కును మామూలు డీవీడీ డ్రైవు హాయిగా చదివింది, మొత్తం కాపీ అయింది. తీరా ఆట మొదలుపెడదామంటే, ముందు బయోస్ ఫైలు చూపించమంది. అది లేకుండా ఒక్క అడుగు కదలనంది.

డైరెక్టర్ గారూ, నేను మీకు ముఖ్యంగా చెప్పదలచింది ఈ బయోస్ గురించే. బాలనాగమ్మ కథలో మాయల ఫకీరు ప్రాణం ఎక్కడో ఒక చిలకలో ఉంటుంది కదా. ఈ ఆట ప్రాణం డిస్కులో సగమే ఉంది. మిగతా సగం కన్సోల్ బోర్డు మీద ఒక చిప్‌లో ఉంది. దాని పరిమాణం 4 మెగాబైట్లు, ఫోన్‌లో తీసిన ఒక ఫొటో అంత. కరెంటు తగలగానే ప్రాసెసర్ మొదట చదివేది దాన్నే. మెమరీని సర్దడం, డిస్కును తిప్పించడం, రిమోట్ మీట నొక్కితే వినడం, మెమరీ కార్డులో రాయడం లాంటి అట్టడుగు పనులన్నిటికీ ఆటలు ఆ చిప్‌లోని కోడ్ మీదే ఆధారపడతాయి. కన్సోల్ పెట్టగానే చీకట్లోంచి లేచే ఆ గాజు స్తంభాలు గుర్తున్నాయా? మనం ఏయే ఆటలు ఎన్నిసార్లు ఆడామో మెమరీ కార్డులో చూసి, దాన్నిబట్టి స్తంభాలను లేపేది కూడా అదే. ఆట తయారుచేసినవాళ్ళు ఆ పనులను మళ్ళీ రాయలేదు, కన్సోల్‌లో ఎలాగూ ఉన్నాయని వదిలేశారు. అందుకే మన హనుమాన్ డిస్కు ఒక్కదాన్నే భద్రంగా బీరువాలో పెడితే అది నోరు లేని వస్తువు.

ఈ చిక్కు అన్ని యంత్రాలకూ లేదు. చేతిలో పట్టుకుని ఆడే పీఎస్‌పీకి కూడా ‘దేశీ అడ్డా’ వచ్చింది. పీఎస్‌పీకి ఉన్న పీపీఎస్‌ఎస్‌పీపీ అనే ఎమ్యులేటర్‌కు సోనీ ఫైలేదీ అక్కర్లేదు. లోపలి పనులన్నిటినీ ఔత్సాహికులు తమంతట తాము కొత్తగా రాసుకున్నారు. మొదటి ప్లేస్టేషన్‌కు కూడా అలాంటి ప్రత్యామ్నాయాలున్నాయి. దాని మీద పెద్ద కేసే నడిచింది. కనెక్టిక్స్ అనే సంస్థ సోనీ బయోస్‌ను విప్పి చదివి, పనితీరు తెలుసుకుని, సోనీ కోడ్ ముక్క కూడా లేకుండా తన సొంత ఎమ్యులేటర్ తయారుచేసింది. అలా చదవడానికి కాపీ చేయడం న్యాయమైన వాడకమేనని 2000 ఫిబ్రవరిలో అమెరికా తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ళ కోర్టు తేల్చింది. మరుసటి ఏడే సోనీ ఆ ఎమ్యులేటర్‌ను కొనేసి ఆపేసింది. ప్లేస్టేషన్ 2 విషయంలో మాత్రం పీసీఎస్‌ఎక్స్2 ఈనాటికీ అసలు బయోస్‌నే అడుగుతుంది. హనుమాన్‌కు నాకు దొరికిన దారి అదే.

మా వాడు ఆ రాత్రి అందరూ చేసే పనే చేశాడు. వెతికి, ఎవరో పెట్టిన ఫైళ్ళు మూడు దింపాడు. ఒకటి 512 కిలోబైట్లే ఉంది, అంటే అది మొదటి ప్లేస్టేషన్‌ది. ఇంకొకటి జిప్ విప్పగానే వైరస్ హెచ్చరిక ఇచ్చింది. మూడోది 4 మెగాబైట్లే కానీ జపాన్ యంత్రానిది. మన దేశంలో అమ్మిన డిస్కులు యూరప్ వరసవి. మొత్తానికి ఆ మూడిటితోనూ పని జరగలేదు. వాడు విసిగిపోయి నిద్రపోయాడు. నాకు నిద్ర పట్టలేదు. మన ఊళ్ళో పుట్టిన ఆటను మన ఇంట్లో తెరవడానికి ఊరూ పేరూ తెలియని వాళ్ళు పెట్టిన దొంగ ఫైలు కావాల్సి రావడం నాకు మింగుడు పడలేదు. అటక మీద మా సొంత కన్సోల్ ఉంది కదా!

మర్నాడు దాన్ని దింపాను. పలచటి మోడల్, నల్లది. లెన్స్ ఎప్పుడో పోయింది, ఏ డిస్కూ చదవదు. అయినా పని జరిగింది. ఎలా జరిగిందో కాస్త వివరంగా రాస్తాను, మీ సాంకేతిక సిబ్బందికి పనికొస్తుంది. ఫ్రీ మెక్‌బూట్ అనే ప్రోగ్రాం ఎక్కించిన మెమరీ కార్డు ఒకటి సంపాదించాను. దాన్ని పెట్టి కన్సోల్ ఆన్ చేస్తే డిస్కు లేకుండానే వేరే మెనూ వస్తుంది. ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ చేసిన పెన్‌డ్రైవులో బయోస్‌డ్రెయిన్ అనే చిన్న ప్రోగ్రాం వేసి, కన్సోల్ ముందున్న యూఎస్‌బీ రంధ్రంలో పెట్టి, మెనూలోంచి నడిపాను. అది చిప్‌లో ఉన్నదంతా తోడి పెన్‌డ్రైవులోకి పోసింది. అసలైన 4 మెగాబైట్ల ఫైలుతో పాటు డీవీడీ ప్లేయర్ భాగం ఒకటి, భాష లాంటి సెట్టింగులు దాచే చిన్న ఫైలు ఒకటి వచ్చాయి. వాటన్నిటినీ ల్యాప్‌టాప్‌లో ఎమ్యులేటర్‌కు చెందిన బయోస్ ఫోల్డర్‌లో వేశాం. పేర్లు మార్చలేదు. ఎమ్యులేటర్ తెరవగానే జాబితాలో యూరప్ అని, 2.20 అని కనిపించింది.

ఒక జాగ్రత్త చెప్పాలి. ఒక్కసారి తోడి ఊరుకోకూడదు. రెండోసారి కూడా తోడి, రెండు ఫైళ్ళ చెక్‌సమ్ పోల్చి చూడాలి. చెక్‌సమ్ అంటే ఫైలు వేలిముద్ర అనుకోండి, లోపల ఒక్క అక్షరం తేడా వచ్చినా ముద్ర మొత్తం మారిపోతుంది. పెద్ద ఫైలు ముద్ర రెండుసార్లూ ఒకటే రావాలి. సెట్టింగుల ఫైలుది మాత్రం తేడా రావచ్చు, మనం భాష మార్చినా అది మారుతుంది, దానికి కంగారు పడనక్కర్లేదు. ఇంకొకటి. అన్నిటికన్నా చివర వచ్చిన 90000 వరస కన్సోళ్ళలో 2.30 బయోస్ ఉన్నవి ఫ్రీ మెక్‌బూట్‌కు లొంగవు. 2020లో బయటికొచ్చిన ఫ్రీడీవీడీబూట్ అనే పద్ధతి వాటికి పనిచేస్తుంది కానీ, దానికి డిస్కు చదివే లెన్స్ బాగుండాలి.

ఆ సాయంత్రం స్తంభాలు లేచాయి. పదిహేనేళ్ళ కిందటి ఆ శబ్దం ల్యాప్‌టాప్ స్పీకర్లలోంచి వచ్చింది. హనుమంతుడు దూకాడు. అమ్మ ఇప్పుడు లేదు. ఎక్కడ దూకాలో మా వాడికి నేను చెప్పాను.

ఇప్పుడు మిమ్మల్ని అడగాల్సింది. ప్లేస్టేషన్ 2 తయారీ 2013 నాటికి ఆగిపోయింది. చిప్‌లోని రాత ఇంకా చాలా ఏళ్ళు నిలవవచ్చు. ముందు పోయేది దాని చుట్టూ ఉన్నది: లెన్స్, కెపాసిటర్లు, పవర్ బోర్డు. లెన్స్ పోయిందని తుక్కు కింద పారేస్తున్న కన్సోళ్ళలో చాలావాటి బయోస్ మా ఇంట్లో దానిలాగే బతికే ఉంది. ఎవరూ అడగకపోవడం వల్ల అది కూడా తుక్కులో పోతోంది. మీ మ్యూజియం అలాంటివి రెండో మూడో కొని, వాటి బయోస్‌ను స్వయంగా తోడి భద్రపరచాలి. ఏ మోడల్, చిప్‌లో ఏ వెర్షన్, ఏ రోజు తోడారు, ఎవరు తోడారు, వేలిముద్ర ఏమిటి అన్నది మీ రిజిస్టర్‌లో ఎక్కించాలి. మీ గ్రంథాలయంలోని ఒక్కో చేతిరాత ప్రతికి ఎలా పుట్టుపూర్వోత్తరాలు రాస్తారో అలా. ఎవరో పెట్టిన ఫైలుకూ మ్యూజియం దాచిన ఫైలుకూ ఉండే తేడా మొత్తం ఆ పుట్టుపూర్వోత్తరాల్లోనే ఉంది.

చట్టం ఒప్పుకుంటుందా అని మీకు సందేహం రావచ్చు. బయోస్ సోనీ సొత్తు, అందులో రెండో మాట లేదు. దాన్ని ఊరంతా పంచమని నేను అడగడం లేదు, పంచకూడదనే అంటున్నాను. కానీ మన 1957 కాపీరైట్ చట్టంలోని 52వ సెక్షన్, కంప్యూటర్ ప్రోగ్రాం న్యాయంగా తన దగ్గర ఉన్నవాడు దాన్ని ఉద్దేశించిన పనికి వాడుకోవడానికీ, పాడైపోతుందన్న భయంతో బ్యాకప్ తీసుకోవడానికీ వీలిచ్చింది. వేరే ప్రోగ్రాంతో కలిసి పనిచేయడానికి అవసరమైన సమాచారం రాబట్టడాన్ని కూడా తప్పు కాదంది. 2012 సవరణలో డిజిటల్ తాళాలు తీయడం మీద 65ఏ వచ్చింది, అందులో నేరం హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో ముడిపడి ఉంది. ఇది ఒక మామూలు పౌరుడు చట్టాన్ని చదువుకున్న తీరు. మీ న్యాయ సలహాదారుల చేత సరిచూపించండి. ఆ తర్వాత సోనీకి ఒక ఉత్తరం రాయండి. పార్లమెంటు చట్టం కింద 1961 నుంచి జాతీయ ప్రాముఖ్యం గల సంస్థగా ఉన్న మ్యూజియం, తన గోడల మధ్య, తన దగ్గరున్న కన్సోల్ బయోస్‌తో, వాళ్ళే విడుదల చేసిన హైదరాబాద్ ఆటను పిల్లలకు చూపిస్తానంటే ఆ ఉత్తరానికి బరువు ఉంటుంది. నేను రాస్తే ఆ బరువు రాదు.

పుస్తకాలకైతే ఈ దిగులు తక్కువ. 1954 నాటి చట్టం ప్రకారం ప్రచురణకర్త తన పుస్తకాన్ని కలకత్తా జాతీయ గ్రంథాలయానికీ, మరికొన్ని గ్రంథాలయాలకూ పంపి తీరాలి. ఆటకు అలాంటి నియమం లేదు. ఫ్రాన్స్ జాతీయ గ్రంథాలయానికి 1992 చట్టంతో వీడియో గేములు కూడా చేరుతున్నాయి. జపాన్ పార్లమెంటు గ్రంథాలయం 2000 నుంచి తీసుకుంటోంది. న్యూయార్క్‌లోని ఆధునిక కళా మ్యూజియం 2012లో 14 ఆటలను తన సేకరణలో చేర్చింది. మన ఆటలను మనం దాచకపోతే పారిస్ వాళ్ళు దాచరు, వాళ్ళకు వాళ్ళవి ఉన్నాయి.

ఇంకో విన్నపం, దీనికి యంత్రం కూడా అక్కర్లేదు. ఆ ఆటలు తయారుచేసినవాళ్ళలో చాలామంది ఈ ఊళ్ళోనే ఉండి ఉంటారు. అప్పట్లో ఇరవైల్లో ఉన్నవాళ్ళు ఇప్పుడు నలభైకి అటూ ఇటూగా ఉంటారు. బొమ్మలు గీసినవాళ్ళు, కోడ్ రాసినవాళ్ళు, రాత్రింబవళ్ళు ఆడి తప్పులు పట్టినవాళ్ళు. వాళ్ళను మ్యూజియానికి పిలిపించి, ఒక్కొక్కరితో గంటసేపు మాట్లాడించి రికార్డు చేయండి. తోక ఎలా ఊగాలో ఎన్నిసార్లు దిద్దారో, 32 మెగాబైట్ల మెమరీలో అడవిని ఎలా ఇరికించారో వాళ్ళు చెబితేనే తెలుస్తుంది. ఆ గడియారం లోపలి మూడువందల పైచిలుకు భాగాలను అమర్చిన చేతుల గురించి మనకు ఎంత తెలుసు? ఇక్కడ ఆ చేతులు ఇంకా పనిచేస్తున్నాయి, బహుశా మాదాపూర్‌లో ఏదో ఆఫీసులో.

పిల్లల విభాగంలో ఒక మూల చాలు. పాతకాలపు డబ్బా టీవీ ఒకటి, బల్ల ఒకటి, బల్ల మీద ఇద్దరు పిల్లలు. బొమ్మ రైలు చూసి వచ్చిన పిల్ల అక్కడ ఆగి రిమోట్ పట్టుకోవాలి. అసలు కన్సోల్ మీద రోజంతా ఆడిస్తే తొందరగా అరిగిపోతుంది. కాబట్టి కన్సోల్‌ను అద్దంలో పెట్టి, బల్ల కింద కంప్యూటర్‌లో ఎమ్యులేటర్ నడపండి. దానికి ప్రాణం పోసేది పక్కన అద్దంలో ఉన్న ఆ కన్సోల్ నుంచి తోడిన బయోసేనని చిన్న పలక మీద తెలుగులో, ఉర్దూలో, హిందీలో, ఇంగ్లీషులో రాయండి.

నా వంతుగా నా హనుమాన్ డిస్కును, లెన్స్ పోయిన నల్ల కన్సోల్‌ను మ్యూజియానికి ఇస్తాను. ఇవి నా చేతిలో ఉన్నంతకాలమే ఆ బయోస్ కాపీ నాకు న్యాయం. కాబట్టి వీటితో పాటు మేము తోడిన ఫైళ్ళనూ, రెండు వేలిముద్రలు రాసుకున్న కాగితాన్నీ మీకే అప్పగించి, మా ల్యాప్‌టాప్‌లోంచి చెరిపేస్తాను. మా మేనల్లుడితో ఈ మాట ముందే చెప్పాను, ఒప్పుకున్నాడు. శుక్రవారం మీకు సెలవు కనుక, మీరు పిలిచిన ఏ శనివారమైనా ఇద్దరం వస్తాం. రిమోట్లు రెండున్నాయి. ఒకదాని ఎడమ స్టిక్ వదులైంది, పిల్లల చేతికిచ్చే ముందు దాన్ని కోఠీలో బాగుచేయించి తెస్తాను.

ఇట్లు,
లాల్ దర్వాజా నుంచి
మీ మ్యూజియం సందర్శకుడు